కలలోకపు ప్రమాద స్కేలు మొరాయిస్తుంటే: సమస్య - పరిష్కారం

కథకో ఆటకో కుదురులేని కలలాంటి లోకాన్ని అల్లేవాళ్లు ముందుగా చేసే పని, అందులోని చోట్లకు ప్రమాదపు అంకెలు వేయడం. 0 అంటే భయం లేదు, 5 అంటే వెళ్లినవాడు తిరిగి రాడు. పదో చోటు దాకా అంతా బాగానే ఉంటుంది. ఆ తర్వాతే తేడా కొడుతుంది. నా స్కేలును మూడుసార్లు తిరగరాశాక, ఎక్కడెక్కడ బెడిసికొడుతుందో కొంత అర్థమైంది.

సమస్య: ఏ చోటు చూసినా 4 లేదా 5 పడుతోంది

కారణం: కొలుస్తున్నది ప్రమాదాన్ని కాదు, మన వణుకుని. చీకటి గది, అడుగుల చప్పుడు, వెనకాల ఎవరో ఉన్నారన్న టెన్షన్. రాస్తున్న మనకే ఒళ్లు జలదరించి 5 వేసేస్తాం. తీరా చూస్తే ఆ గదిలో ఎవరికీ చిన్న గీరు కూడా పడదు.

పరిష్కారం: ప్రతి అంకె పక్కనా బయటికి తెలిసే గుర్తు ఒకటి రాయండి. 1805లో బ్రిటిష్ నౌకాదళ అధికారి ఫ్రాన్సిస్ బ్యూఫోర్ట్ గాలికి కట్టిన స్కేలు ఈ పద్ధతిలోదే. గాలి ఎంత భయపెడుతోందని కాదు, యుద్ధనౌక ఎన్ని తెరచాపలు ఎత్తగలదని చూశాడాయన. దాన్నే నేల మీద వాడితే, 0 అంటే పొగ నిటారుగా లేస్తుంది, 2 అంటే ఆకులు సవ్వడి చేస్తాయి. నేను పెట్టుకున్న గుర్తులివి: 1 అంటే దారి తప్పినా పిలిస్తే ఎవరో ఒకరు పలుకుతారు. 2 అంటే ఒళ్లు బరువెక్కి కూర్చోబుద్ధేస్తుంది. 3లో తోడొచ్చినవాళ్ల పేరు గుర్తురాదు, 4లో మన పేరే గుర్తురాదు. 5 ఎదురుగా ఏమీ రాయలేదు. చూసొచ్చి చెప్పినవాడు లేడు కదా.

సమస్య: నిన్న 1 వేసిన చోటు ఇవాళ మనిషిని మింగేసింది

అసలు తంటా ఇదే.

కారణం: ఒక్క అంకె నెత్తిన రెండు బరువులు పెట్టాం. ఎంత హాని చేస్తుందన్నది ఒకటి, ఎంత త్వరగా మారిపోతుందన్నది ఇంకొకటి. హరికేన్ల (అట్లాంటిక్ వైపు పెనుతుపాన్ల) తీవ్రత చెప్పే సఫిర్-సింప్సన్ స్కేలుకీ ఈ చిక్కు వచ్చింది. గాలి వేగంతో పాటు ఉప్పెన ఎత్తునీ పీడనాన్నీ అదే అంకెకు ముడిపెట్టారు. కేటగిరీ తక్కువైనా ఉప్పెన పెద్దగా రావచ్చు. చివరికి 2010లో మిగతావి తీసేసి గాలి ఒక్కదాన్నే ఉంచారు.

పరిష్కారం: అంకె హానికి, పక్కన ఒక అక్షరం నిలకడకి. నేను క, చ, ట, త, ప వాడతాను. క అంటే కుదురుగా ఉన్న చోటు, ప అంటే రెప్ప వేస్తే మారేది. ఏ అక్షరం వేయాలో తేల్చడానికి నిజం కలల్లోంచే ఒక కిటుకు తెచ్చుకోవచ్చు. కలలో చదివిన వాక్యాన్ని చూపు తిప్పి మళ్లీ చదివితే చాలాసార్లు మారిపోతుంది. ఇది కలేనని కలలోనే పసిగట్టాలనుకునేవాళ్లు దీన్నే పరీక్షగా పెట్టుకుంటారు. మీ పాత్ర చేత గోడ మీద ఓ మాట రాయించండి, చూపు పక్కకి తిప్పించి మళ్లీ చదివించండి.

ఉదాహరణకి ఓ మెట్లదారి. ఎక్కేటప్పుడు పదకొండు మెట్లు, దిగేటప్పుడు పద్నాలుగు. ఎక్కువొచ్చిన మూడూ అరికాలికి వెచ్చగా, మెత్తగా తగులుతాయి. కాసేపు కూర్చుంటే ఏం పోయింది అనిపిస్తుంది. దీనికి 2-ట వేశాను. మెట్లు పెరిగాయి కాబట్టి 3 వేయాలని చెయ్యి లాగుతుంది, వేయకండి. పెరిగిన మెట్లు అక్షరం ఖాతాలోకే వెళ్లాలి.

ఇంకో మాట. అంకె, అక్షరం కలిపి వేసిన ప్రతి ముద్రకీ గడువు పెట్టండి, కానీ గంటల్లో వద్దు. అక్కడ గడియారాన్ని ఎవరు నమ్ముతారు? నేను తలుపులు లెక్కపెడతాను. ఏడు తలుపులు దాటాక పాత ముద్ర చెల్లదు.

సమస్య: ఒకే చోటికి ఇద్దరు వేరువేరు అంకెలు వేస్తున్నారు

కారణం: ఆ లోకం వచ్చినవాడి భయాన్ని బట్టి నడుచుకుంటుంది. భూకంపాల్లోనూ ఇలాంటి తేడా ఉంది. భూకంపం ఎంత పెద్దదో చెప్పే రిక్టర్ అంకె మొత్తానికి ఒక్కటే, ఆ చోట ఎంత కుదుపు, ఎంత నష్టం అని చెప్పే మెర్కాలీ అంకె మాత్రం ఊరిని బట్టి మారుతుంది.

పరిష్కారం: ఎవరి లెక్కన కొలుస్తున్నారో ముందే రాసుకోండి. నా లెక్కలో ఆ మనిషి మొదటిసారి, ఒంటరిగా, ఖాళీ చేతులతో వచ్చినవాడు. సగటు మాత్రం తీయకండి. ఒకరికి 1, ఇంకొకరికి 5 అయిన చోటికి 3 అని రాస్తే ఇద్దరికీ అబద్ధం చెప్పినట్టే.

సమస్య: 3కీ 4కీ మధ్య అగాధం ఉన్నట్టుంది

ఉండనివ్వండి. రిక్టర్ స్కేలులో ఒక్క అంకె పెరిగితే విడుదలయ్యే శక్తి దాదాపు 32 రెట్లవుతుంది. అంకెల మధ్య ఎడం సమానం కాదని ముందే ఓ వాక్యం రాసేస్తే సరి.

సమస్య: వేసిన అంకె తగ్గించడానికి మనసొప్పడం లేదు

కారణం: తగ్గిస్తే లోకం చప్పబడుతుందన్న బెంగ.

పరిష్కారం: గ్రహశకలాల ముప్పుకి వాడే టొరినో స్కేలు చూడండి. అపోఫిస్ అనే గ్రహశకలానికి 2004 డిసెంబరులో 4 వేశారు. పరిశీలనలు పెరిగే కొద్దీ తగ్గిస్తూ వచ్చి 2006లో 0 చేశారు. మీరూ తగ్గించండి. కాకపోతే పాత అంకెను చెరిపేయకుండా కొట్టేసి, పక్కన కొత్తది రాయండి. నా పటంలో ఓ గదికి 4 కొట్టేసి ఉంది, 2 కొట్టేసి ఉంది, చివర 0-ప అని ఉంది. లోపల ఏ అపాయమూ లేదు, వెళ్లిన తలుపు మాత్రం మళ్లీ కనబడదు. ఆటగాళ్లు 4 ఉన్న చోట్లకైనా దూకుతారు గానీ, ఈ గది గడప తొక్కరు.