క్వెస్ట్ హెడ్‌సెట్‌లో బయటి గేమ్‌లు వేసే ముందు

కళ్లకి పెట్టుకుని ఆడే వీఆర్ హెడ్‌సెట్ మెటా క్వెస్ట్‌లో నడిచేది ఆండ్రాయిడ్ ఆధారిత సిస్టమే. అందుకే స్టోర్‌లో లేని గేమ్‌ని ఏపీకే ఫైల్‌గా (ఆండ్రాయిడ్ యాప్‌ని ఇన్‌స్టాల్ చేసే ఫైల్) ఎక్కించుకోవచ్చు. కేబుల్ పెట్టే ముందు ఇవి చూసుకోండి.

• అన్నిటికన్నా ముఖ్యం, ఫైల్ ఎక్కడిది? క్వెస్ట్‌కి బయటి గేమ్‌లు దొరికే సైడ్‌క్వెస్ట్ లాంటి పేరున్న చోటి నుంచో, తయారు చేసినవాళ్ల సొంత పేజీ నుంచో మాత్రమే తీసుకోండి. డబ్బులిచ్చి కొనాల్సిన గేమ్‌ని ఊరికే ఇస్తామంటే ముట్టుకోవద్దు. హెడ్‌సెట్‌కి మైక్ ఉంది, మీ గదిని చూసే కెమెరాలున్నాయి. ఒంటరిగా ఆడే పజిల్ గేమ్ మైక్ అడిగితే ఆగి ఆలోచించండి.

• ఫోన్‌లోని మెటా హొరైజన్ యాప్‌లో డెవలపర్ మోడ్ (బయటి యాప్‌లు ఎక్కించనిచ్చే సెట్టింగ్) ఆన్ చేయాలి. ముందుగా డెవలపర్‌గా నమోదు కావాలి. పెద్దవాళ్ల ఖాతాతోనే చేయండి.

• ఛార్జింగ్‌కి మాత్రమే పనికొచ్చే కేబుల్ చాలదు, డేటా కేబుల్ కావాలి.

• కంప్యూటర్‌కి కలపగానే హెడ్‌సెట్ తలకి పెట్టుకోండి. యూఎస్‌బీ డీబగ్గింగ్‌కి (కేబుల్ ద్వారా కంప్యూటర్ హెడ్‌సెట్‌లోకి యాప్‌లు ఎక్కించడానికి) అనుమతి అడుగుతూ కళ్ల ముందు చిన్న పెట్టె తేలుతుంది. చాలామంది దాన్ని చూడక, కనెక్ట్ కావట్లేదని టెన్షన్ పడతారు. ‘ఎప్పుడూ అనుమతించు’ అన్నది సొంత కంప్యూటర్‌కే నొక్కండి, స్నేహితుడి ల్యాప్‌టాప్‌కి వద్దు.

• పాత వెర్షన్‌ని అన్‌ఇన్‌స్టాల్ చేస్తే మీ ఆట సేవ్‌లూ పోతాయి. ముందే కంప్యూటర్‌లోకి కాపీ చేసుకోండి.

• వేసిన గేమ్ లైబ్రరీలో ‘అన్‌నోన్ సోర్సెస్’ కింద ఉంటుంది. మొదటిసారి కూర్చునే ఆడండి. బొమ్మ తడబడి కళ్లు తిరిగితే వెంటనే హెడ్‌సెట్ తీసేయండి.