మెరూన్ గోడ దగ్గర కాలం నెమ్మదించింది: లోలకం గడియారం సరిచేసిన తీరు

విజయవాడ రోహిణి కార్తె ఎండ. పడమటి గోడకు బయట ముదురు మెరూన్ వేయించాక, లోపల ఆ గోడకే ఉన్న లోలకం గడియారం వారానికి దాదాపు నిమిషం వెనకబడింది. రంగే కాలాన్ని పట్టి లాగుతోందనిపిస్తుంది గానీ, నిజానికి వేడికి సాగింది లోలకం ఇత్తడి కడ్డీ; కడ్డీ పొడవైతే లోలకం నెమ్మదిగా ఊగుతుంది. ముదురు రంగు ఎండను పీల్చుకుంటే ఆ వేడి గోడ దాటి రాత్రి దాకా గడియారాన్ని వేడెక్కిస్తుంది. ఇత్తడి కడ్డీ ఒక్కో డిగ్రీకి రోజుకు సుమారు 0.8 సెకను ఆలస్యం చేస్తుంది. ఉక్కయితే 0.5.

ముందు గోడను మళ్లీ తెల్లగా చేయాలి. మెరూన్ ఎమల్షన్ (నీళ్లలో కలిపే ప్లాస్టిక్ రంగు) మీద సున్నం నిలవదు, పెచ్చులూడుతుంది. గరుకు కాగితంతో రుద్ది, ప్రైమర్ కొట్టి, తెల్ల ఎక్స్‌టీరియర్ ఎమల్షన్ రెండు పూతలు వేయించాను. గడియారం వెనక అర అంగుళం చెక్కముక్కలు పెడితే గాలి ఆడుతుంది. కానీ పెట్టె ఒరిగితే టిక్కుకూ టాక్కుకూ మధ్య ఎడం మారి గడియారం ఆగిపోవచ్చు. చప్పుడు సమానమయ్యేదాకా పెట్టె అడుగును పక్కకు జరపాలి.

లోలకం గుండును పైకీ కిందికీ జరిపే కింది నట్టును చివర్నే ముట్టుకోవాలి. 25 సెంటీమీటర్ల లోలకంలో గుండు ఒక్క మిల్లీమీటరు పైకెక్కితే రోజుకు దాదాపు 3 నిమిషాలు ముందుకు పరిగెడుతుంది. అందుకే పెన్సిల్ గీత పెట్టుకుని, వెంట్రుకవాసి తిప్పి, ఒక రోజంతా ఆగి చూశాకే మళ్లీ తిప్పాలి.