మెడికల్ కోడింగ్ స్వయంశిక్షణ – ఏడవ పాఠం: ఉగ్రవాద దాడుల్లో విధి నిర్వహణలో తగిలిన గాయాల శాశ్వత ఫలితాలు

రోగాన్ని, గాయాన్ని సూచించే కోడ్‌లో ఏడవ క్యారెక్టర్‌గా (ఏడవ స్థానంలో) వచ్చే ‘ఎ’, ‘డి’, ‘ఎస్’ అక్షరాలను గత పాఠంలో పరిచయం చేసుకున్నాం. ఈసారి ‘ఎస్’ను మాత్రమే తీసుకుని, ఉగ్రవాద దాడి జరిగిన చోటికి విధి నిర్వహణలో వెళ్లి గాయపడిన అగ్నిమాపక, పోలీసు సిబ్బంది చార్టుల్లో (వైద్య రికార్డుల్లో) దానిని ఎక్కడ వాడాలో నేర్చుకుందాం. ఇక్కడ మనం చేయబోయేవి అమెరికా చార్టులు కాబట్టి నియమాలు 2015 అక్టోబరు 1 నుంచి అక్కడ అమలులో ఉన్న ఐసీడీ-10-సీఎం అనే రోగ నిర్ధారణ కోడ్‌ల పద్ధతివే.

సాధన కోసం ఒక చార్టు ఊహించుకోండి. ఎఫ్‌బీఐ ఉగ్రవాద చర్యగా నిర్ధారించిన ఘటనలో మంటలు ఆర్పడానికి వెళ్లిన ఫైర్‌ఫైటర్‌కు కుడి అరచేతి వెనుక వైపు మూడవ డిగ్రీ కాలిన గాయం అయింది. గాయం ఏనాడో మానింది. మిగిలిన మచ్చ గట్టిపడి చర్మం పట్టేస్తోందని ఇప్పుడు కొత్త డాక్టరు దగ్గరికి వచ్చాడు.

అమీర్‌పేటలో నా దగ్గర నేర్చుకుంటున్న ఒక అమ్మాయి దీనికి ‘ఎ’ వేసి, చార్టులో ‘కొత్త పేషెంటు’ అన్న మాట కింద పెన్సిల్‌తో గీత గీసి చూపించింది. చాలామంది పడే పొరపాటు ఇదే. ‘ఎ’ అంటే మొదటిసారి రావడం కాదు. ఆ గాయానికి చురుకైన చికిత్స ఇంకా సాగుతోందని అర్థం. గాయం మానుతుండగా జరిగే సాధారణ సంరక్షణకు ‘డి’. గాయం మానిపోయాక దానివల్ల మరో బాధ మిగిలితేనే ‘ఎస్’.

ఇప్పుడు క్రమం చూడండి. ముందు ఈనాటి బాధ, అంటే మచ్చ: ఎల్90.5. తరువాత దానికి మూలమైన గాయం: టి23.361ఎస్. చివర బాహ్య కారణం, అంటే గాయం ఎలా అయిందో తెలిపే కోడ్: వై38.3ఎక్స్1ఎస్ (వై38 అంటే ఉగ్రవాద చర్యల కోడ్‌ల వర్గం). ‘ఎస్’ మూలానికే చేరుతుంది, ఫలితానికి చేరదు, అందుకే ఎల్90.5కు ఏ అక్షరమూ తగిలించలేదు. ఘటన స్థలం, చేస్తున్న పని, ఉద్యోగ స్థితి తెలిపే కోడ్‌లు మొదటి ఎన్‌కౌంటర్‌కే, అంటే చికిత్స కోసం మొదట వచ్చిన సందర్భానికే పరిమితం కాబట్టి ఇక్కడ రావు.

బాహ్య కారణం కోడ్‌లోని ఆరవ క్యారెక్టర్‌ను తేలికగా తీసుకోవద్దు. 1 ప్రజా భద్రతా సిబ్బందికి, 2 పౌరులకు, 3 ఉగ్రవాదికి. 2001 సెప్టెంబరు 11న న్యూయార్క్ అగ్నిమాపక శాఖ 343 మందిని కోల్పోయింది. ఆనాడు బతికి బయటపడినవారిలో ఎందరికో ఇప్పటికీ చికిత్స జరుగుతోంది. 1 బదులు 2 పడితే, అందరూ బయటికి పరుగెత్తుతుంటే లోపలికి వెళ్లిన మనిషి రికార్డులో దారిన పోయేవాడిగా మిగులుతాడు. ఈ ఒక్క అంకె దగ్గర ఎంత సమయం పట్టినా ఫర్వాలేదని నా అభిప్రాయం.

పాత గాయం కదా అని కొందరు వై38.9 వైపు వెళతారు. అది ఘటన తరువాత తలెత్తిన ద్వితీయ ప్రభావాలకు ఉద్దేశించినది. దాడిలోనే తగిలిన గాయానికి వాడకూడదు. అలాగే ఉగ్రవాదమన్నది అనుమానం మాత్రమే అయితే వై38 మొత్తాన్నీ పక్కన పెట్టి, మామూలు దాడి (అసాల్ట్) కోడ్‌లలో వెతకాలి. పత్రికల్లో ఏం చదివామన్నది ఇక్కడ లెక్కలోకి రాదు.

అభ్యాసం: బాంబు పేలుడులో ఒక పోలీసు అధికారి రెండు చెవులూ దెబ్బతిన్నాయి, ఏళ్లు గడిచాక రెండు వైపులా నరాల సంబంధమైన వినికిడి లోపం మిగిలింది. ‘ఉగ్రవాదుల పని కావచ్చు’ అని చార్టులో ఉంది. మూడు కోడ్‌లూ వరుసలో రాసి, ‘ఎస్’ ఉన్న ప్రతి కోడ్ పక్కన అది ఎందుకు వచ్చిందో ఒక వాక్యం రాయండి. జవాబులు ఎనిమిదవ పాఠంలో.