భాష పుట్టుకను, మార్పును పరిశీలించే పద్ధతి

రాత పుట్టి సుమారు 5,000 ఏళ్లే అయింది, మాట అంతకన్నా ఎంతో పాతది. పారిస్ భాషాశాస్త్ర సంఘమైతే భాష పుట్టుకపై వ్యాసాలను స్వీకరించరాదని 1866లో నియమమే పెట్టుకుంది. పుట్టుకకు రాతపూర్వక ఆధారాలు లేనందువల్ల, మార్పుతో మొదలుపెట్టి వెనక్కి నడవండి.

సంబంధం ఉందనుకున్న భాషల నుండి బంధువాచకాలు, అంకెలు, శరీరభాగాల పేర్లు సేకరించి పక్కపక్కన రాసుకోండి. ఇవి ఇతర భాషల నుండి తేలికగా అరువు రావు. పోలిక కనిపించగానే తృప్తిపడక, ధ్వనుల మార్పు క్రమబద్ధంగా ఉందో లేదో చూడాలి: ‘పితృ’, ‘పాద’ అన్న సంస్కృత పదాలలో పకారం ఉన్నచోట ‘ఫాదర్’, ‘ఫుట్’ అన్న ఇంగ్లీషు పదాలలో ఫకారం నిలిచింది.

పుట్టుకకు సంబంధించి, నా దృష్టిలో అత్యంత విలువైన సాక్ష్యం నికరాగ్వాలోని బధిర పిల్లలది. 1970ల చివర నుండి బడిలో కలుసుకున్న ఆ పిల్లలు, పెద్దలెవరూ నేర్పకుండానే సంజ్ఞలతో ఉమ్మడి భాషను నిర్మించుకోగా, తర్వాత చేరిన చిన్నవారు దాని వ్యాకరణాన్ని మరింత స్థిరపరిచారు.