కేట్ బుష్‌ని వినాలంటే మధ్యలోంచి మొదలుపెట్టండి

బ్రిటిష్ గాయని కేట్ బుష్ పాట మొదటిసారి విన్నప్పుడు ముప్పై సెకన్లకే ఆపేశాను. అది ‘వుదరింగ్ హైట్స్’. ఆ గొంతు ఇంటికప్పు మీద నుంచి ఎవరో పిలుస్తున్నట్టుంది. ఎవరు తల్లీ నువ్వు, ఎందుకలా కీచుమంటున్నావు అనుకుని వేరే పాట పెట్టుకున్నాను. ఏళ్ళు గడిచాయి. 2022లో మా అమ్మాయి ‘స్ట్రేంజర్ థింగ్స్’ సిరీస్ చూస్తూ చూస్తూ లేచొచ్చి, “అమ్మా, ఇది విను” అని ఒక ఇయర్‌ఫోన్ నా చెవిలో పెట్టింది. ‘రన్నింగ్ అప్ దట్ హిల్’. బాగుందే అని పేరు చూస్తే, అదే మనిషి! ఆ తర్వాత ఆవిడ ఆల్బమ్‌లన్నీ విన్నాను, అదీ తప్పు వరుసలో. నేను పడ్డ తిప్పలు మీరు పడకుండా ఉండాలని ఇది రాస్తున్నాను.

మొత్తం పది స్టూడియో ఆల్బమ్‌లు. 1978లో మొదలైంది కదా అని అక్కణ్ణుంచి వరుసగా వినకండి, మూడో ఆల్బమ్‌కి ఓపిక అయిపోతుంది. 1985లో వచ్చిన ‘హౌండ్స్ ఆఫ్ లవ్’ పెట్టండి. ‘రన్నింగ్ అప్ దట్ హిల్’ అందులో మొదటి పాట. మీకు తెలిసిన పాటే అయినా ఈసారి గొంతు వదిలేసి కింద పరుగెత్తే డ్రమ్ముల్ని వినండి. అవి మెషీన్ డ్రమ్ములు, మొదటి నుంచి చివరిదాకా అలుపు లేకుండా కొడుతూనే ఉంటాయి. ఆడ, మగ ఒకరి స్థానంలోకి ఒకరు వెళ్ళగలిగితే ఒకరినొకరు అర్థం చేసుకుంటారేమో, అందుకు దేవుడితో ఒప్పందం చేసుకుందామా అన్నది పాటలో సంగతి. ఆవిడ ముందు పెట్టిన పేరు ‘ఎ డీల్ విత్ గాడ్’. పేరులో దేవుడుంటే కొన్ని దేశాల రేడియోల్లో వెయ్యరని ఆవిడ రికార్డు కంపెనీ ఇఎమ్‌ఐ భయపడితే మార్చింది. 1985లో బ్రిటన్ పాటల పట్టికలో మూడో స్థానం దాకా వెళ్ళిన పాట, 37 ఏళ్ళ తర్వాత మొదటి స్థానానికొచ్చింది.

ఇప్పుడు అసలు పని. రికార్డుల రోజుల్లో ఈ ఆల్బమ్ రెండో వైపు ఏడు పాటలు కలిపి ‘ది నైన్త్ వేవ్’ అనే ఒకే కథ. పూర్తి కావడానికి అరగంట కూడా పట్టదు. రాత్రి పూట లైట్లు ఆపేసి వినండి. షఫుల్ ఆపేయండి. ప్రకటనలు వచ్చే యాప్‌లో మాత్రం వద్దు. నేను మొదటిసారి విన్నప్పుడు సరిగ్గా నాలుగో పాట మొదలయ్యే ముందు ఎవరో లోన్ కావాలా అని అరిచారు, మునిగిపోతున్న మనిషి దగ్గర! కథేమిటంటే, ఒకామె రాత్రి సముద్రంలో ఒంటరిగా తేలుతోంది. లైఫ్ జాకెట్ మీద చిన్న దీపం. నిద్రపోతే ప్రాణం పోతుంది, నిద్రేమో ముంచుకొస్తోంది. మొదటి పాటలో పియానో, గొంతు దాదాపు జోలపాటలా ఉంటాయి. రెండోదానిలో ఆమె మంచు గడ్డకట్టిన నీళ్ళ మీద స్కేటింగ్ చేస్తూ, కింద ఎవరో ఉన్నారని చూస్తుంది. చూస్తే తానే. మూడోది మొదలవగానే రకరకాల గొంతులు “లే, లే” అని లేపుతాయి. వాటిలో అమ్మ ఉన్నట్టుంది, నాన్న ఉన్నట్టుంది. అంతలో మంత్రగత్తెల విచారణ మొదలై, ఆమె మాటలు ముక్కలుముక్కలుగా తెగిపోతాయి. ఫోన్ సిగ్నల్ పోయిందని కంగారు పడకండి, అది కావాలనే అలా చేశారు. నాలుగోదానిలో ఆమె ఆత్మ ఇంటికెళ్ళి, తన కోసం ఎదురుచూస్తున్నవాణ్ణి చూస్తుంది, వాడికి కనపడదు. ఇక్కడ నేను ప్రతిసారీ లేచి కూర్చుంటాను. మిగతా మూడూ నేను చెప్పను, ఆఖర్న తెల్లవారుతుందని మాత్రం చెప్తాను.

ఇది విన్నాక, ఇలాంటిది చెయ్యనిచ్చిన కంపెనీ ఏది అన్న అనుమానం వస్తుంది. ఎవరూ చెయ్యనివ్వలేదు, పగ్గాలు ఆవిడే ఒక్కొక్కటిగా లాక్కుంది. కెంట్‌లో తన వాళ్ళ ఇంటి దగ్గరే సొంత స్టూడియో కట్టుకుని, గంటల లెక్క లేకుండా చేసిన ఆల్బమ్ ఇది. ఆ లాక్కోవడం ఎక్కడ మొదలైందో వినడానికి ఇప్పుడు 1978కి వెళ్ళండి.

ఒక డాక్టరుగారమ్మాయి, బడి రోజుల్లోనే పాటలు కడుతోంది. పింక్ ఫ్లాయిడ్ గిటారిస్టు డేవిడ్ గిల్మర్ విని, తన డబ్బుతో రికార్డింగ్ చేయించాడు. ఇఎమ్‌ఐ తీసుకుంది. మొదటి సింగిల్‌గా కంపెనీ ఇంకో పాట వేద్దామంటే, ఈ పంతొమ్మిదేళ్ళ పిల్ల “కాదు, ‘వుదరింగ్ హైట్స్’ వెయ్యాల్సిందే” అని పట్టుబట్టింది. అది నాలుగు వారాలు నంబర్ వన్. తాను రాసుకున్న పాటతో బ్రిటన్‌లో ఆ స్థానానికొచ్చిన మొదటి మహిళ ఆవిడే.

ఈ పాట వినే ముందు, అదే పేరున్న ఎమిలీ బ్రాంటీ నవల కథ ఒక పేజీ అయినా చదవండి. నేను చదవకుండా విన్నాను, అందుకే కీచుగొంతు అనుకున్నాను. అక్కడ పాడుతున్నది ఆ నవలలో చనిపోయిన క్యాథీ. చలిలో కిటికీ బయట నిలబడి లోపలికి రానివ్వమంటోంది. దెయ్యం మరి కింది శ్రుతిలో ఎందుకు పాడుతుంది? అయినా చెవికి గుచ్చుకుంటే, 1986లో వచ్చిన ‘ది హోల్ స్టోరీ’లో అదే పాట మళ్ళీ పాడింది, గొంతు కాస్త ముదిరి ఉంటుంది. నేను దానితో అలవాటు పడి తర్వాత పాతదానికి వెళ్ళాను.

1978లోనే వచ్చిన రెండో ఆల్బమ్ ‘లయన్‌హార్ట్’ హడావుడిలో చేసింది, తర్వాతెప్పుడైనా వినొచ్చు. 1979 టూరు వీడియో దొరికితే మాత్రం ఆవిడ తలకు పెట్టుకున్న మైకు చూడండి. పాడుతూనే రెండు చేతులూ వదిలి డ్యాన్స్ చెయ్యాలని, బట్టలు తగిలించే హ్యాంగర్ తీగ వంచి తయారు చేయించుకున్న వైర్‌లెస్ మైకు అది. ఆ టూరు తర్వాత మళ్ళీ పూర్తి స్థాయి కచేరీలు 2014లోనే, లండన్ హామర్‌స్మిత్‌లో 22 రాత్రులు. ‘ది నైన్త్ వేవ్’ని స్టేజీ మీద నాటకంలా ఆడారు. ఆ రికార్డింగ్ 2016లో వచ్చింది.

1980 ఆల్బమ్‌లో ‘బబూష్కా’ వినండి, చివర్లో పగిలే గాజు చప్పుడు కోసం. ఫెయిర్‌లైట్ అని, ఏ చప్పుడైనా లోపల వేసుకుని కీబోర్డు మీద వాయించగలిగే మెషీన్ అప్పుడే వచ్చింది, దాని పని అది. 1982 నాటి ‘ది డ్రీమింగ్’ ఆవిడ ఒక్కతే నిర్మించిన మొదటి ఆల్బమ్. దాన్ని చివరికి ఉంచండి. మొదటి వారంలోనే విని తలనొప్పి తెచ్చుకున్న అనుభవంతో చెప్తున్నాను.

ఒక చిన్న పరీక్ష పెట్టుకోండి. 1989లో ‘ది సెన్సువల్ వరల్డ్’ పాటకి రచయిత జేమ్స్ జాయిస్ నవల ‘యులిసిస్’ చివరి వాక్యాలు వాడుకుంటానని అడిగితే ఆయన వారసులు ఒప్పుకోలేదు. దాంతో సొంత మాటలు రాసుకుంది. 2011లో అనుమతి దొరికింది. అదే పాటను జాయిస్ మాటలతో, ‘ఫ్లవర్ ఆఫ్ ది మౌంటెన్’ అనే పేరుతో మళ్ళీ పాడింది. రెండూ వెంటవెంటనే వినండి. అందరూ ఏమంటారో గానీ, నాకు ఆవిడ సొంత మాటలే ఇష్టం.

1993 తర్వాత పన్నెండేళ్ళు ఆల్బమ్ లేదు. కొడుకు పుట్టాడు, ఇల్లు చూసుకుంది. 2005లో ‘ఏరియల్’తో వస్తే, అందులో ఒక పాట వాషింగ్ మెషీన్‌లో తిరిగే బట్టల గురించి! ఒకరోజు బట్టలు మడత పెడుతూ అది విన్నాను. చొక్కా చేతులు, ప్యాంటు కాళ్ళు నీళ్ళలో ఒకదానికొకటి చుట్టుకుంటుంటే ఆ పాటలో మనిషి ఎక్కడికో వెళ్ళిపోతుంది. నేను మడతపెట్టిన చొక్కా చేతిలో పట్టుకుని అలాగే నిలబడిపోయాను. రెండో డిస్కు మధ్యాహ్నం నుంచి మర్నాడు తెల్లవారేదాకా సాగే ఒకే రోజు, దాని నిండా పిట్టల కూతలు. సెలవు రోజు సాయంత్రం పెట్టుకోండి.

2011 చివర్లో వచ్చిన ‘ఫిఫ్టీ వర్డ్స్ ఫర్ స్నో’ నిదానం, చలికాలం కోసం దాచండి. ఆల్బమ్ పేరే ఉన్న పాటలో నటుడు స్టీఫెన్ ఫ్రై మంచుకి యాభై పేర్లు చదువుతాడు, కొన్ని పచ్చి కల్పన. ఆవిడ పక్కనుంచి ఇంకా ఇన్ని ఉన్నాయి, కానివ్వు అని తొందరపెడుతుంటుంది. ముప్పై దాటేసరికి నేనూ వేళ్ళు మడిచి లెక్కపెట్టడం మొదలుపెట్టాను.