అడవిలో అంతుచిక్కని జీవి చిత్రీకరణ – 4వ పాఠం: ఎత్తు లెక్క

కెమెరాను ఎక్కడ అమర్చాలో గత పాఠంలో తెలుసుకున్నాం. మనం వెతుకుతున్న జీవి నిజంగానే ఎదురుపడి, చిత్రమూ చేతికి వచ్చిందనుకుందాం. అందరూ మొదట అడిగేది దాని ఎత్తెంత అనే. అది తేల్చలేని చిత్రం, ఎంత స్పష్టంగా ఉన్నా, వాదులాటకు తప్ప దేనికీ అక్కరకు రాదు.

1967 అక్టోబరు 20న ఉత్తర కాలిఫోర్నియాలోని బ్లఫ్ క్రీక్ వాగు దగ్గర, బాబ్ గిమ్లిన్ వెంట ఉండగా రోజర్ ప్యాటర్సన్ తీసిన బిగ్‌ఫుట్ (అమెరికా అడవుల్లో ఉందని చెప్పుకునే, మనిషిలా రెండు కాళ్లపై నడిచే భారీ జీవి) చిత్రం నిడివి నిమిషం లోపే. అది వేషం వేసుకున్న మనిషా, కాదా అన్న వాదం మాత్రం ఇప్పటికీ తెగలేదు. కెమెరా సెకనుకు ఎన్ని ఫ్రేముల వేగంతో తిరిగిందో ప్యాటర్సన్ కచ్చితంగా చెప్పలేకపోవడం అందుకొక కారణం. వంద ఫ్రేముల నడకను సెకనుకు 24 చొప్పున లెక్కిస్తే నాలుగు సెకన్లకు కాస్త పైన పడుతుంది. 16 చొప్పున అయితే ఆరు సెకన్లు దాటుతుంది. నడక తీరే మారిపోతుందన్నమాట. నేటి డిజిటల్ కెమెరా ఈ వేగాన్ని ఫైలులోనే నమోదు చేస్తుంది కనుక, అసలు ఫైలును కత్తిరించకుండా భద్రపరచండి.

ఇక ఎత్తు సంగతి. జీవి వెళ్లిపోయాక కెమెరాను కదపవద్దు, జూమ్ మార్చవద్దు. అది నడిచిన చోటే రెండు మీటర్ల కర్రను నిటారుగా నిలిపి, మళ్లీ చిత్రీకరించండి. తెరపై కర్ర 400 పిక్సెళ్లు, జీవి 360 పిక్సెళ్లు ఉంటే దాని ఎత్తు 1.8 మీటర్లు. అయితే "అది నడిచిన చోటే" అన్న మాటను తేలిగ్గా తీసుకోకండి. కర్రను కెమెరాకు 25 మీటర్ల దూరంలో నిలపాల్సింది పోయి 20 మీటర్ల దగ్గరే నిలిపితే, అదే కర్ర తెరపై 500 పిక్సెళ్లు ఉంటుంది, జీవి ఎత్తు 1.44 మీటర్లకు పడిపోతుంది. పొరపాటు అటువైపు జరిగి కర్ర మరీ వెనక్కు పోతే, సాధారణ మనిషి కూడా లెక్కలో రాక్షసుడవుతాడు. ఈ రెండో పొరపాటే ఎక్కువమందికి ముచ్చటగా తోస్తుంది! అందుకే కర్ర కంటే ముందు పాదముద్రలను వెతికి, ఒక్కొక్కదాని పక్కన గుర్తు పెట్టుకోండి.

అభ్యాసం: ఎత్తు మీకు తెలియని ఒక మిత్రుణ్ణి చెట్ల మధ్య నడిపించి చిత్రీకరించండి. ఈ పద్ధతిలో లెక్కగట్టాకే టేపుతో కొలవండి. తేడా ఐదు సెంటీమీటర్లు మించితే, కర్ర ఒరిగిందేమో, చోటు తప్పిందేమో చూసుకుని మళ్లీ మొదలుపెట్టండి.