సెల్ఫ్ తిరుగుతోంది కానీ కారు స్టార్ట్ కావట్లేదా? క్రాంక్ సెన్సర్‌ను వెతికి పరీక్షించడం ఎలా

సెల్ఫ్ కొడితే ఇంజిన్ గిరగిరా తిరుగుతుంది, అందుకోదు. లేదంటే హైవే మీద గంటసేపు బాగానే వచ్చిన కారు టోల్‌గేటు దగ్గర నెమ్మదించగానే ఆగిపోతుంది. బానెట్ ఎత్తి అరగంట చల్లారనిస్తే ఏమీ ఎరగనట్టు మళ్లీ స్టార్ట్ అవుతుంది. ఈ రెండిట్లో ఏది చెప్పినా మెకానిక్ నోట ముందుగా వచ్చే మాట ‘క్రాంక్ సెన్సర్’. ఆ అనుమానం చాలాసార్లు నిజమే అవుతుంది. అయితే కప్లర్‌లో (వైర్లను సెన్సర్‌కు కలిపే ప్లగ్గులో) పట్టిన చిలుము, ఎలక కొరికిన వైరు, నీరసించిన బ్యాటరీ కూడా అచ్చం ఇవే లక్షణాలు చూపిస్తాయి. వాటిలో ఏదైనా కారణమైతే కొత్త సెన్సర్‌కు పెట్టిన డబ్బు వృథా. మామూలు డిజిటల్ మల్టీమీటరు, చిన్న ఓబీడీ స్కానరు (కారు కంప్యూటర్‌లోని వివరాలు చదివే పరికరం) ఉంటే తప్పు ఎక్కడుందో ఇంటి దగ్గరే తేల్చుకోవచ్చు.

ముందు క్రాంక్ సెన్సర్ చేసే పని తెలియాలి. క్రాంక్‌షాఫ్ట్‌తో (పిస్టన్లు తిప్పే ఇరుసుతో) పాటు ఒక పళ్ల చక్రం తిరుగుతుంటుంది. దానికి తగలకుండా, సుమారు 0.5 నుంచి 1.5 మిల్లీమీటర్ల ఎడంలో సెన్సర్ కొన ఉంటుంది. ఒక్కో పన్ను ఎదురుగా వెళ్లినప్పుడల్లా సెన్సర్ ఈసీయూకి, అంటే ఇంజిన్‌ను నడిపించే కంప్యూటర్‌కు, ఒక కరెంటు సంకేతం పంపుతుంది. చాలా కార్లలో చక్రం 60 పళ్ల లెక్కన ఉంటుంది, అందులో రెండు పళ్లు కావాలనే తీసేస్తారు. అంటే పన్నుకి పన్నుకి మధ్య 6 డిగ్రీలు, ఒకచోట మాత్రం పెద్ద ఖాళీ. ఆ ఖాళీ వచ్చినప్పుడు పిస్టన్ ఎక్కడుందో ఈసీయూకి తెలుస్తుంది. దాన్నిబట్టే స్పార్కు ఎప్పుడివ్వాలో, ఇంజెక్టరు ఎప్పుడు తెరవాలో లెక్క వేస్తుంది. సంకేతం రాకపోతే చాలా ఇంజిన్లు స్పార్కూ ఇవ్వవు, పెట్రోలూ చల్లవు. కొన్ని మాత్రం క్యామ్ సెన్సర్ (వాల్వులు తెరిచే ఇరుసు తిరుగుడును చూసేది) ఆసరాతో ఎక్కువసేపు సెల్ఫ్ కొట్టించుకుని లేస్తాయి. కార్బ్యురేటర్‌తో నడిచిన పాత మారుతి 800కి ఈ గొడవ లేదు, అక్కడ ఆ పనంతా డిస్ట్రిబ్యూటర్‌దే.

బానెట్ ఎత్తకముందే: స్కానర్‌లో ఆర్‌పీఎం

నా లెక్కలో అన్నిటికంటే విలువైన పరీక్ష ఇదే. చేతికి మసి కూడా అంటదు. స్టీరింగ్ కింద డ్యాష్‌బోర్డు అడుగున 16 పిన్నుల ఓబీడీ సాకెట్ ఉంటుంది. స్కానరు తగిలించి, ఫోన్లో యాప్ తెరిచి, లైవ్ డేటాలో ఇంజిన్ ఆర్‌పీఎం (నిమిషానికి ఎన్ని చుట్లు) పెట్టండి. హ్యాండ్‌బ్రేక్ వేసి, గేరు న్యూట్రల్‌లో ఉంచి సెల్ఫ్ కొట్టండి. ఒకేసారి పది సెకన్లకు మించి కొట్టొద్దు, మళ్లీ కొట్టేముందు అర నిమిషమైనా ఆగండి. లేకపోతే సెల్ఫ్ మోటారు వేడెక్కి అదో కొత్త ఖర్చవుతుంది.

సెల్ఫ్ తిరుగుతున్నప్పుడు 150 నుంచి 300 దాకా ఆర్‌పీఎం కనిపిస్తే క్రాంక్ సంకేతం ఈసీయూ దాకా వెళ్తున్నట్టే. ఆ క్షణానికి సెన్సర్ పని చేస్తోంది. అప్పుడు పెట్రోలు పంపు, రిలే, ఇమ్మొబిలైజర్ (సరైన తాళం చెవి లేకపోతే స్టార్ట్ కానివ్వని ఏర్పాటు) వైపు చూడండి. డీజిల్ బండయితే రెయిల్ ప్రెజర్ (ఇంజెక్టర్లకు వెళ్లే డీజిల్ ఒత్తిడి) చూడండి. ఇంజిన్ తిరుగుతున్నా సున్నా దగ్గరే నిలిచిపోతే సెన్సర్, దాని వైరు, పళ్ల చక్రం, ఈ మూడిట్లో ఏదో ఒకదానిదే తప్పు. అంకె ఉండీ ఉడిగీ వస్తుంటే, ఒకసారి 200, వెంటనే సున్నా, మళ్లీ 900 అంటుంటే, కప్లర్ లూజు కావొచ్చు.

స్కానరు చూపించే లోపాల కోడ్‌లు కూడా చదవండి. పీ0335 అంటే క్రాంక్ సెన్సర్ సర్క్యూట్‌లో లోపం, పీ0336 అంటే సంకేతం వస్తోంది కానీ తీరు బాగాలేదు, పీ0339 అంటే మధ్యమధ్యలో తెగిపోతోంది. పీ0340 క్యామ్ సెన్సర్‌ది, దీంతో కలపొద్దు. ఒక సంగతి గట్టిగా గుర్తుపెట్టుకోండి: పీ0335 అని వచ్చినంత మాత్రాన సెన్సర్ పాడైందని అర్థం కాదు. సర్క్యూట్ అంటే వైరూ, కప్లరూ కూడా. కోడ్ ఏదీ లేదు కాబట్టి సెన్సర్ భేషుగ్గా ఉందనీ అనుకోవద్దు.

ఇంకొకటి, బ్యాటరీ. సెల్ఫ్ ఈడ్చుకుంటూ తిరుగుతుంటే ముందు బ్యాటరీ ఛార్జ్ చేయించండి. ఇంజిన్ మెల్లగా తిరిగితే మంచి సెన్సర్ ఇచ్చే సంకేతం కూడా బలహీనంగానే ఉంటుంది.

సెన్సర్ ఎక్కడుంటుంది?

పళ్ల చక్రం ఎక్కడుంటే అక్కడ. అంటే వెతకాల్సినవి మూడే చోట్లు. మొదటిది ఇంజిన్ ముందు వైపు, బెల్టులు తిరిగే క్రాంక్ పుల్లీ పక్కన. రెండోది ఇంజిన్, గేర్‌బాక్స్ కలిసే చోట, ఫ్లైవీల్ అంచుకు ఎదురుగా. మూడోది ఇంజిన్ బ్లాకు పక్కభాగంలో, కింది వైపు. చూడ్డానికి నల్లటి ప్లాస్టిక్ ముక్క. ఒకే ఒక్క బోల్టుతో బిగించి, రెండు లేక మూడు వైర్ల కప్లర్‌తో ఉంటుంది. ఇంజిన్ పైభాగంలో, వాల్వ్ కవరు దగ్గర ఇలాంటిదే కనిపిస్తే అది క్యామ్ సెన్సర్, దాన్ని కదపొద్దు.

ఉదాహరణకు 2003లో మన దేశానికి వచ్చిన టయోటా కరోలా. అందులోని 1.8 లీటర్ 1జడ్‌జడ్-ఎఫ్‌ఈ ఇంజిన్‌లో సెన్సర్ క్రాంక్ పుల్లీ పక్కనే, టైమింగ్ కవరు కింది భాగంలో ఉంటుంది. అమెరికాలో 2003 నుంచి 2008 దాకా అమ్మిన మామూలు కరోలాలోనూ ఇదే ఇంజిన్. కాబట్టి అక్కడున్న మనవాళ్లకూ ఈ వివరం పనికొస్తుంది. ఫ్లైవీల్ వైపు సెన్సర్ ఉన్న బండ్లలో పని కష్టం. పైనుంచి ఎయిర్ ఫిల్టర్ డబ్బా తీయాలి, లేదా కిందికి దూరాలి. దూరేటప్పుడు జాకీ ఒక్కదాన్నే నమ్ముకోవద్దు, స్టాండ్లు పెట్టండి, వెనక చక్రాలకు రాళ్లు అడ్డం పెట్టండి. కన్ను ఆనని చోట ఫోన్ కెమెరాను లోపలికి చాపి వీడియో తీస్తే దొరికిపోతుంది. సైలెన్సర్ గొట్టాలు చల్లారాకే చెయ్యి పెట్టండి.

కప్లర్ ఊడదీసి, ఏ రకమో తేల్చుకోండి

కీ ఆపి, లాక్ నొక్కి కప్లర్ లాగండి. వైర్లు పట్టుకుని గుంజొద్దు. సగం కేసులు ఇక్కడే తేలిపోతాయి: పిన్నుల మీద పచ్చటి చిలుము, లోపల నూనె, వాననీటి తేమ, వెనక్కి జరిగిపోయిన పిన్ను. కాంటాక్ట్ క్లీనర్‌తో కడిగి, ఆరనిచ్చి మళ్లీ స్టార్ట్ చేసి చూడండి.

పిన్నులు రెండైతే అది దాదాపు ఎప్పుడూ అయస్కాంతం, తీగచుట్ట ఉన్న రకం. బయటి కరెంటు అక్కర్లేదు, తానే ఏసీ వోల్టేజీ పుట్టిస్తుంది. పిన్నులు మూడైతే చాలావరకు హాల్ రకం. ఒకటి కరెంటు, ఒకటి ఎర్త్, ఒకటి సంకేతం. కొన్ని అయస్కాంత రకాలకూ మూడో వైరు ఉంటుంది, అది బయటి గోలను ఆపే షీల్డు. అనుమానముంటే కప్లర్ ఊడదీసి, కీ ఆన్ చేసి వైరింగ్ వైపు వోల్టేజీ కొలవండి. ఏదో ఒక పిన్నులో నిలకడగా 5 లేక 12 వోల్టులుండి, ఇంకోటి ఎర్త్ అయితే హాల్ రకమే. ఇది తేల్చుకోకుండా ఓమ్ మీటరు పెట్టొద్దు. హాల్ సెన్సర్ లోపల ఎలక్ట్రానిక్ చిప్ ఉంటుంది. ఓమ్‌లలో వచ్చే అంకెకు అర్థముండదు, చిప్ దెబ్బతినే ప్రమాదమూ ఉంది.

రెండు పిన్నుల సెన్సర్‌కి

మీటరును ఓమ్‌ల మీద పెట్టి సెన్సర్ రెండు పిన్నుల మధ్య కొలవండి. చాలా సెన్సర్లు 500 నుంచి 1,500 ఓమ్‌ల మధ్య ఉంటాయి, కానీ ఇది కంపెనీని బట్టి మారుతుంది. పైన చెప్పిన కరోలాకు టయోటా ఇచ్చిన లెక్క చల్లగా ఉన్నప్పుడు 1,630 నుంచి 2,740, వేడిగా ఉన్నప్పుడు 2,065 నుంచి 3,225 ఓమ్‌లు. మీ బండి అంకె సర్వీసు మాన్యువల్‌లో చూసుకోండి. మీటరు ఓఎల్ (కొలతకు అందనంత ఎక్కువ) అని చూపిస్తే లోపల తీగ తెగింది. సున్నాకు దగ్గరగా ఉంటే చుట్టలో షార్టయింది. తర్వాత ఒక్కో పిన్నుకీ ఇంజిన్ బాడీకీ మధ్య కొలవండి, అక్కడ మాత్రం ఓఎల్ అనే రావాలి.

ఓమ్‌లు సరిగ్గా వచ్చాయని అక్కడితో ఆపేస్తే పరీక్ష సగమే అయినట్టు. వేడెక్కాక ఆగిపోయే బండి సెన్సర్‌ను చల్లగా కొలిస్తే ఏముంటుంది, అంకె బాగానే వస్తుంది. సెన్సర్ ఊడదీసి, మీటరు తగిలించి ఉంచి, హెయిర్ డ్రయర్‌తో మెల్లగా వేడి చేయండి. రాగి తీగ నిరోధం డిగ్రీకి సుమారు 0.4 శాతం పెరుగుతుంది. 20 డిగ్రీల దగ్గర 860 ఓమ్‌లున్నది 80 డిగ్రీలకు 1,060 దాటడం సహజమే. అలా నెమ్మదిగా ఎక్కితే మంచిదే. ఎక్కుతూ ఎక్కుతూ ఉన్నట్టుండి ఓఎల్‌కి దూకితే మాత్రం, టోల్‌గేటు దగ్గర బండిని ఆపేసింది ఇదే.

చివరగా, సెన్సర్‌ను దాని చోట్లో బిగించి, కప్లర్ పెట్టకుండా, మీటరును ఏసీ వోల్ట్‌ల మీద ఉంచి రెండు పిన్నులకూ తగిలించండి. మీటరు వైర్లు బెల్టుకూ ఫ్యానుకూ దూరంగా ఉండాలి. కారులో ఒకరిని కూర్చోబెట్టి సెల్ఫ్ కొట్టించండి. కనీసం 0.2 వోల్టులైనా రావాలి, చాలా బండ్లలో ఇంకా ఎక్కువే వస్తుంది. ఓమ్‌లు బాగుండి ఇక్కడ ఏమీ రాకపోతే ఎడం పెరిగి ఉండాలి, లేదా చక్రానికి ఏదో అయి ఉండాలి.

మూడు పిన్నుల సెన్సర్‌కి

కప్లర్ ఊడదీసి, కీ ఆన్ చేసి వైరింగ్ వైపు కొలవండి. కరెంటు పిన్నులో 5 వోల్టులు (కొన్నిట్లో 12), ఎర్త్ పిన్నుకీ బ్యాటరీ నెగటివ్‌కీ మధ్య దాదాపు సున్నా రావాలి. ఇవి రాకపోతే సెన్సర్ మార్చి లాభం లేదు, ఫ్యూజు, వైరు, ఈసీయూ వైపు వెళ్లాలి. వచ్చాయంటే కప్లర్ తిరిగి పెట్టి, వెనక వైపు నుంచి సన్నటి పిన్ను సంకేతం వైరు పక్కగా దూర్చి, డీసీ వోల్ట్‌లలో చూడండి. వైరు తొడుగును పొడిచి చిల్లు పెట్టొద్దు, వానాకాలంలో అక్కణ్నుంచే తుప్పు మొదలవుతుంది. కీ ఆన్‌లో ఉంచి, గేరు న్యూట్రల్‌లో పెట్టి, క్రాంక్ పుల్లీ బోల్టును రాట్చెట్‌తో మెల్లగా తిప్పితే మీటరు 0కీ 5కీ మధ్య ఎక్కుతూ దిగుతూ ఉండాలి. రాట్చెట్ ఇంకా బోల్టు మీదుండగా ఎవరూ కీ ముట్టుకోకూడదు. కొన్ని సెన్సర్లు అంత మెల్లటి వేగానికి స్పందించవు. వాటికి రాట్చెట్ తీసేసి సెల్ఫ్ కొడితే మీటరు ఈ రెండిటి మధ్య ఏదో ఒక అంకె చూపిస్తుంది, అది చాలు. ఎటూ కదలకుండా 0 దగ్గరో 5 దగ్గరో నిలిచిపోతే సెన్సర్ పోయినట్టే. ఇంజిన్ వేడిగా ఉన్నప్పుడూ ఒకసారి చూడండి.

వైరు, చక్రం

సెన్సర్ మంచిదని తేలినా ఆర్‌పీఎం సున్నానే ఉంటే బ్యాటరీ నెగటివ్ తీసేసి, సెన్సర్ కప్లర్ నుంచి ఈసీయూ కప్లర్ దాకా ఒక్కో వైరూ కొలవండి. ఒకటి రెండు ఓమ్‌లకు మించకూడదు. కొలుస్తూ వైరును అటూ ఇటూ ఊపండి, అంకె గెంతితే లోపల తెగింది. బయట పార్కు చేసే బండ్లలో ఎలకల పని చూడండి. మరమ్మతు చేసేటప్పుడు రెండు పిన్నుల సెన్సర్ వైర్లు తారుమారైతే సంకేతం తలకిందులై టైమింగ్ తప్పుతుంది.

సెన్సర్ తీసినప్పుడు దాని కొన చూడండి. అయస్కాంతం కాబట్టి ఇనుప రజను పట్టి గడ్డకట్టి ఉండొచ్చు, గుడ్డతో తుడవండి. ఆ రంధ్రంలోంచి టార్చి వేసి, పుల్లీ తిప్పుతూ పళ్లు చూడండి. ఈమధ్యే క్లచ్ పని చేయించి ఉంటే, వంగిన పన్ను కోసం ప్రత్యేకంగా చూడండి.

మార్చాల్సి వస్తే

బోల్టు తీశాక సెన్సర్‌ను స్క్రూడ్రైవర్‌తో పెళ్లగించొద్దు, ఎడమకూ కుడికీ తిప్పుతూ లాగండి. ప్లాస్టిక్ విరిగి ముక్క లోపలే ఉండిపోతే గంట పని రోజుకు పాకుతుంది. కొత్తదాని ఓ-రింగుకు కాస్త ఇంజిన్ ఆయిల్ రాసి, పూర్తిగా కూర్చోబెట్టి, బోల్టు బిగించండి. ఆ చిన్న బోల్టుకు సుమారు 8 నుంచి 10 న్యూటన్ మీటర్లు చాలు, బలం చూపిస్తే అల్యూమినియంలో మర పోతుంది. ఇంత శ్రమపడ్డాక గుర్తు తెలియని చౌక సెన్సర్ వేయడం నాకు నచ్చని పని. ఒరిజినల్ గానీ, పేరున్న కంపెనీది గానీ తీసుకోండి.

స్కానర్‌తో కోడ్ తుడిచేసి, ఇంజిన్ పూర్తిగా వేడెక్కేదాకా నడిపి, ఆపి, వెంటనే మళ్లీ స్టార్ట్ చేసి చూడండి. షెవ్రొలే లాంటి జనరల్ మోటార్స్ బండ్లలో కొన్నిటికి కొత్త సెన్సర్‌ను ఈసీయూకి నేర్పించాలి, అది పెద్ద స్కానర్ ఉన్న వర్క్‌షాపులోనే అవుతుంది. ఇదంతా అయ్యాక కూడా వేడికి ఆగిపోతే, ఆగిన ఆ నిమిషంలోనే సెల్ఫ్ కొడుతూ స్కానర్‌లో ఆర్‌పీఎం చూడండి. అంకె వస్తుంటే పెట్రోలు పంపునీ, మెయిన్ రిలేనీ, ఇగ్నిషన్ కాయిల్‌నీ వరసగా పరీక్షించాలి.